బాలాపూర్‌లో రోహింగ్యా అమ్మాయికి ఇంటర్ సీటు: ఆధార్ లేకపోతే దారి ఏమిటి?

సాయంత్రం_బడి

హైదరాబాద్ శివార్లలోని బాలాపూర్ దగ్గర ఒక రోహింగ్యా బస్తీలో నాలుగేళ్ళుగా సాయంత్రం పూట పిల్లలకు తెలుగు, లెక్కలు చెబుతున్నాను. నా దగ్గర చదువుకున్న ఒక అమ్మాయి ఈ ఏడాది పదో తరగతి పాసయింది. మయన్మార్‌లోని మాంగ్‌డా నుంచి తల్లి చంకన ఎక్కి నాఫ్ నది దాటి వచ్చినప్పుడు ఆమెకు మూడేళ్ళు, ఇప్పుడు పదహారు. తెలుగు వాచకం గడగడా చదువుతుంది, రాతలో ఒక్క ఒత్తు కూడా తప్పదు. పోయిన వారం ఇంటర్‌లో చేర్పిద్దామని ఆమెను ఒక కాలేజీకి తీసుకువెళ్ళాను. మార్కుల మెమో చూసి మెచ్చుకున్న గుమాస్తా ఆధార్ నంబరు అడిగారు, లేదనగానే దరఖాస్తు మా చేతికి తిరిగి ఇచ్చేశారు. ఐక్యరాజ్యసమితి శరణార్థుల సంస్థ ఇచ్చిన కార్డు చూపిస్తే, "ఇది మా కంప్యూటర్‌లో ఎక్కదమ్మా" అన్నారు. ఆయన్ను నేను తప్పు పట్టడం లేదు, ఆ గడి నింపకపోతే తరువాతి పేజీ రావడం లేదని తెర తిప్పి చూపించారు కూడా.

ఆ కార్డును వాళ్ళ అమ్మ రెండు ప్లాస్టిక్ కవర్లలో చుట్టి బియ్యం డబ్బా అడుగున పెడుతుంది, ఎందుకంటే గుడిసెకు నిప్పంటుకున్నా వరద వచ్చినా చేతికి ముందు తగిలేది ఆ డబ్బాయేనట. కార్డు బయటకు తీసినప్పుడల్లా దాని మూలలకు అంటిన బియ్యప్పిండిని కొంగుతో తుడిచి ఇస్తుంది. దాని మీద గడువు తేదీ ఉంటుంది, ఆ తేదీ దగ్గర పడుతున్న కొద్దీ ఆ ఇంట్లో మాటలు తగ్గిపోతాయి.

తిరిగి వచ్చేటప్పుడు ఆటోలో ఆ అమ్మాయి, "టీచర్, ఇంకా ఎన్నేళ్ళు ఆగితే మేము ఎక్కడి వాళ్ళమో చెబుతారు?" అని అడిగింది. నేను జవాబు చెప్పలేకపోయాను. చట్టం తెలిసినవారు, ఇటువంటివి దగ్గరగా చూసినవారు ఎవరైనా ఉంటే దారి చెప్పండి.

నల్గొండ_రైతు

మా తాత తరం వారు పెద్దలు ఎదురైతే "శనార్తి" అని చేతులు జోడించేవారు. అది శరణార్థి అన్న మాటే. పలకరింపుగా వాడుకున్న మాటను ఇప్పుడు వార్తల్లో వింటుంటే నాకు మనసు కష్టంగా ఉంటుంది. టీచరమ్మ గారూ, చట్టం సంగతి నాకు తెలియదు, పుస్తకాల ఖర్చు మాత్రం నేను పెట్టుకుంటాను.

కోర్టు_మెట్లు

ముందుగా ఒక విషయం తేల్చుకుంటే మిగతావి అర్థమవుతాయి. 1951 నాటి ఐరాస శరణార్థుల ఒప్పందం మీద గానీ, దానికి అనుబంధమైన 1967 నాటి ప్రోటోకాల్ మీద గానీ భారతదేశం సంతకం చేయలేదు. శరణార్థి అంటే ఎవరో చెప్పే చట్టం మనకు లేదు. అందువల్ల పాస్‌పోర్టు, వీసా లేకుండా వచ్చినవారు ప్రాణభయంతో వచ్చినా, పని కోసం వచ్చినా మన చట్టం దృష్టిలో ఒక్కటే. మొన్నటి వరకు 1946 నాటి విదేశీయుల చట్టం ఉండేది, 2025లో దాని స్థానంలో కొత్త చట్టం వచ్చింది గానీ రోహింగ్యాల విషయంలో తేడా ఏమీ లేదు.

మీరు చూపించిన కార్డు ఐరాస సంస్థ ఢిల్లీ కార్యాలయం ద్వారా వచ్చేది. మొదట పేరు నమోదు చేసుకుని, దరఖాస్తు పరిశీలనలో ఉందని ఒక కాగితం ఇస్తారు. తరువాత ఇంటర్వ్యూ చేసి, ఆ మనిషి చెప్పింది నమ్మదగినదని తేలితే శరణార్థి కార్డు ఇస్తారు. కాబట్టి ఆ అమ్మాయి శరణార్థి అవునా కాదా అన్న ప్రశ్నకు ఆ సంస్థ జవాబు చెప్పేసింది. అడ్డంకి ఎక్కడంటే, ఆ జవాబుకు మన ప్రభుత్వం కట్టుబడి ఉండాలన్న చట్టం లేదు.

ఆధార్ గురించి కూడా ఒక మాట. 2016 నాటి ఆధార్ చట్టం ప్రకారం అది పౌరులకు మాత్రమే ఇచ్చేది కాదు, నివాసులకు ఇచ్చేది. ఆ చట్టంలోని 9వ సెక్షన్ ఆధార్ పౌరసత్వానికి రుజువు కాదని స్పష్టంగా చెబుతుంది. అయితే విదేశీయులు దాన్ని తీసుకోవాలంటే చెల్లుబాటయ్యే వీసా ఉండాలి. ఐరాస కార్డు వీసా కాదు గనుక మళ్ళీ మొదటికే వస్తాం.

మీర్‌పేట_వాసి

నేను ఆ బస్తీకి మూడు కిలోమీటర్ల దూరంలో ఉంటాను. నా మాట ఇక్కడ చాలామందికి నచ్చదని తెలిసినా చెబుతున్నాను. మా వీధిలో ఇరవై ఏళ్ళుగా అద్దెకు ఉంటూ, సొంత ఇంటి కోసం దరఖాస్తు పెట్టుకుని ఇంకా ఎదురుచూస్తున్న కుటుంబాలు ఉన్నాయి. వారి పిల్లలకు సీట్లు దొరకని చోట, సరిహద్దు దాటి అనుమతి లేకుండా వచ్చినవారికి దారి వెతకాలంటే నాకు సులువుగా మింగుడుపడదు. తప్పుడు కాగితాలతో ఆధార్, ఓటరు కార్డులు తీసుకున్న కేసులు మన నగరంలోనే పట్టుబడ్డాయి. పిల్ల మీద నాకు కోపం లేదు. కానీ జాలి ఒక్కటే చూసుకుని దేశం తలుపులు తెరిచి పెట్టలేదు కదా.

సాయంత్రం_బడి

మీర్‌పేట_వాసి గారూ, మీ వీధి కుటుంబాల బాధ నాకు తెలుసు, నేను కూడా అద్దె ఇంట్లోనే ఉంటున్నాను. అయితే ఈ బస్తీ వారికి ఎవరూ ఉచితంగా జాగా ఇవ్వలేదు. ఖాళీ ప్లాటు యజమానికి గుడిసెకు ఇంత అని నెలనెలా కిరాయి కడతారు. వెదురు బొంగులు, టార్పాలిన్ పట్టాలు తామే కొనుక్కుంటారు. మగవారిలో ఎక్కువమంది చిత్తు కాగితాలు, అట్టపెట్టెలు, ప్లాస్టిక్ సీసాలు ఏరి కిలోల లెక్కన అమ్ముతారు, మిగిలినవారు అడ్డా కూలీకి పోతారు. ఈ అమ్మాయి తండ్రి తెల్లవారుజామున నాలుగు గంటలకు లేచి వెళ్ళి, మధ్యాహ్నానికి తిరిగి వచ్చి సీసాల మూతలు, సీసాలు వేరు చేస్తూ కూర్చుంటాడు, ఎందుకంటే మూతల ధర వేరు. కూతురు హోమ్‌వర్క్ చేసేది ఆ కుప్ప పక్కనే.

దొంగ కాగితాలు చేయించుకోలేదు గనుకనే ఈ కుటుంబం ఇక్కడ ఇరుక్కుపోయింది. ఒక దళారి వచ్చి డబ్బు ఇస్తే ఆధార్ చేయిస్తానంటే, తండ్రి వద్దన్నాడు. అబద్ధం ఒకసారి కాగితం మీదకు ఎక్కితే తమ నిజం కూడా ఎవరూ నమ్మరని అన్నాడట.

గుమ్మిడిపూండి_తెలుగు

మా ఊరు తమిళనాడులో ఉన్నా ఇంట్లో మాట్లాడేది తెలుగే. ఊరి పక్కనే శ్రీలంక తమిళుల శిబిరం ఉంది. 1983 అల్లర్ల తరువాత పడవల్లో వచ్చినవారికి, ఇక్కడే పుట్టిన వారి పిల్లలకు, ఆ పిల్లల పిల్లలకు కూడా, ఎక్కువమందికి ఇప్పటికీ పౌరసత్వం లేదు. 1987 జూలై 1 తరువాత ఇక్కడ పుట్టినవారికి తల్లిదండ్రుల్లో ఒకరైనా భారతీయులై ఉండాలన్న నిబంధన వచ్చింది గనుక, ఈ మట్టిలో పుట్టినా లెక్కలోకి రారు. 2021లో తమిళనాడు ప్రభుత్వం శరణార్థి శిబిరాలన్న మాట తీసేసి పునరావాస శిబిరాలని పేరు మార్చింది, కుటుంబ పెద్దకు నెలకు ఇచ్చే భృతిని 1,500 రూపాయలు చేసింది. ఇళ్ళు కట్టించారు, పిల్లలు కాలేజీలకు వెళుతున్నారు.

అంటే కోర్టు_మెట్లు గారు చెప్పిన చట్టం లేని దేశంలోనే, ప్రభుత్వం తలచుకుంటే ఇంత చేయగలిగింది. చదువుకు ఆధార్ అడ్డం రాకుండా చూడడం మనవారికి తెలియని విద్య కాదని చెప్పడానికే ఇదంతా రాస్తున్నాను.

మీర్‌పేట_వాసి

తమిళులను తమిళులు ఆదుకున్నారు, అందులో ఆశ్చర్యం లేదు. రోహింగ్యాలకూ మనకూ ఏమిటి బంధం?

కోరంగి_మనవడు

మీర్‌పేట_వాసి గారి ప్రశ్నకు మా ఇంటి కథే జవాబు అనుకుంటాను, కొంచెం పొడవైనా ఓపికగా చదవండి.

మా ముత్తాత కాకినాడ దగ్గరి పల్లె నుంచి రంగం పోయాడు. రంగూన్‌ను మనవాళ్ళు రంగం అనేవారు. ఓడరేవులో బియ్యం బస్తాలు మోసేవాడు. కోరంగి రేవు నుంచి ఓడలెక్కి వెళ్ళేవారు గనుక బర్మాలో తెలుగువారందరినీ "కోరంగీలు" అని పిలిచేవారు. అది గౌరవంగా పిలిచిన పిలుపు కాదని మా నాయనమ్మ చెప్పేది. 1941 డిసెంబరు 23న జపాన్ విమానాలు రంగూన్ మీద బాంబులు వేశాయి. ఓడ టిక్కెట్లు డబ్బున్నవారికే దొరికాయి. కూలీలు నడక మొదలుపెట్టారు. కొందరు ఉత్తరాన టాము మీదుగా మణిపూర్ చేరితే, మా ముత్తాత ప్రోమ్ దగ్గర ఐరావతి దాటి, టౌంగప్ కనుమ ఎక్కి, అరకాన్ తీరంలోకి దిగి, అక్యాబ్ మీదుగా చిట్టగాంగ్ చేరాడు. ఆ తరువాతి నెలల్లో అలా బర్మా విడిచిన భారతీయులు నాలుగైదు లక్షల మంది ఉంటారు. కనుమల్లో కలరాతో, దాహంతో పడిపోయినవారిని లెక్క పెట్టినవారు లేరు.

మా నాయనమ్మ ఎన్నోసార్లు చెప్పిన ముచ్చట ఒకటి ఉంది. అరకాన్‌లో ఒక పల్లెలో ముసలాయన ఒకడు గుమ్మం ముందు కుండ పెట్టుకుని, దారిన పోయే ప్రతి ఒక్కరికీ ఉప్పు వేసిన గంజి దోసిట్లో పోశాడట. గంజి పోసే ముందు చేతులు కడుక్కోమని నీళ్ళు కూడా ఇచ్చాడట. ఆయన ఏ మతం వాడో, ఏ భాష మాట్లాడాడో మా ముత్తాతకు తెలియదు. కానీ ఈ పిల్ల కుటుంబం వచ్చింది ఆ తీరం నుంచే. బంధం ఏమిటని అడిగితే నాకు గుర్తొచ్చేది ఆ గంజి.

బర్మాక్యాంపు_విశాఖ

కోరంగి_మనవడు రాసింది చదివి మా అమ్మకు వినిపించాను, ఆవిడ కళ్ళు తుడుచుకుంది. మాది రెండో విడత. 1962లో బర్మాలో సైన్యం అధికారం తీసుకున్నాక దుకాణాలన్నీ జాతీయం చేశారు. 1964లో యాభై, వంద చాట్ల నోట్లు రాత్రికి రాత్రి చెల్లకుండా పోయాయి. ఓడ దిగి విశాఖ చేరినవారికి కంచరపాలెం వైపు ఇళ్ళ స్థలాలు చూపించారు, అందుకే ఆ పేటకు ఇప్పటికీ బర్మా క్యాంపు అనే పేరు. మా అమ్మ ఇప్పటికీ వేసవిలో బుగ్గలకు తనాకా చెక్క అరగదీసి రాసుకుంటుంది.

అయితే ఒక తేడా ఒప్పుకోవాలి. మేము తిరిగి వచ్చామంటే, వెళ్ళడానికి మాకు ఒక దేశం ఉంది, రేవులో మా పేరు రాసుకుని "మనవాళ్ళే" అన్నారు. రోహింగ్యాల విషయంలో 1982 నాటి బర్మా పౌరసత్వ చట్టం ఆ మాటే లేకుండా చేసింది. అక్కడ గుర్తించిన 135 జాతుల జాబితాలో వారి పేరు లేదు.

మాంచెస్టర్_నర్సు

ఇక్కడ ఆదివారం పూట ఒక ప్రార్థనా మందిరం హాలులో ఆశ్రయం కోరి వచ్చినవారికి ఇంగ్లీషు మాట్లాడడం నేర్పుతాం. ధనిక దేశంలో ఎదురుచూపు తేలిక అనుకుంటారు, కానీ అది కూడా మనిషిని తినేస్తుంది. నిర్ణయం వచ్చే వరకు పని చేయకూడదు. ఏడాది దాటినా నిర్ణయం రాకపోతే, తప్పు వారిది కానప్పుడు, ప్రభుత్వం ఇచ్చిన జాబితాలోని ఉద్యోగాలకు మాత్రమే అనుమతి అడగవచ్చు. వండుకునే వసతి ఉన్నవారికి 2024 జనవరి నుంచి వారానికి 49.18 పౌండ్లు ఇచ్చారు. అందులోనే తిండి, బస్సు, బట్టలు అన్నీ. మా తరగతికి వచ్చే ఒక ఇరాన్ ఇంజనీరు రోజూ పోస్టు వచ్చే వేళకు మెట్ల మీద కూర్చుంటాడు. ఉత్తరం రాని రోజున కూడా పోస్టుమ్యాన్‌కు కృతజ్ఞతలు చెబుతాడు.

కానీ అతనికి, టీచర్ గారి అమ్మాయికి మధ్య ఒక పెద్ద తేడా ఉంది. అతని దరఖాస్తుకు అవుననో కాదనో చెప్పవలసిన బాధ్యత ఒక ప్రభుత్వ శాఖ మీద ఉంది, కాదంటే ట్రిబ్యునల్‌కు వెళ్ళే హక్కు అతనికి ఉంది. అతనిది పొడవైన వరుస, ఆ అమ్మాయికి నిలబడడానికి వరుసే లేదు.

తెనాలి_అక్క

మా అబ్బాయి ఎనిమిదో తరగతి, ఒత్తులన్నీ గాలికి వదిలేస్తాడు. ఆ అమ్మాయి ఒప్పుకుంటే ఫోనులో వారానికి రెండు రోజులు మావాడికి తెలుగు చెప్పిస్తాను, ఫీజు ఇస్తాను. హాస్యానికి అనడం లేదు.

సాయంత్రం_బడి

తెనాలి_అక్క గారూ, ఆ మాట చెప్పగానే ఆ అమ్మాయి నవ్వు ఆపుకోలేకపోయింది. ఎనిమిదో తరగతి పుస్తకం పంపమంటోంది.

మాంచెస్టర్_నర్సు గారు చెప్పిన వరుస మాట నిజం. బస్తీ వారు మూడు దారులు చెప్పుకుంటారు: సొంత ఊరికి పోవడం, ఇక్కడే స్థిరపడడం, ఇంకో దేశం తీసుకోవడం. మొదటిది చూస్తే, 2017 ఆగస్టు 25 తరువాత ఏడు లక్షల మందికి పైగా బంగ్లాదేశ్‌కు పారిపోయారు. 2024 డిసెంబరులో మాంగ్‌డా అరకాన్ ఆర్మీ అనే సాయుధ తిరుగుబాటు దళం చేతిలోకి వెళ్ళింది. వీరి ఊరి వైపు ఇప్పుడు ఫోను కూడా కలవడం లేదు. రెండోది కోర్టు_మెట్లు గారు చెప్పనే చెప్పారు. మూడోదానికి ప్రపంచం మొత్తం మీద శరణార్థుల్లో ఏడాదికి నూటికి ఒక్కరు కూడా నోచుకోరు. మా బస్తీలో ఒక కుటుంబం అమెరికా వెళ్ళడానికి వైద్య పరీక్షల వరకు వచ్చింది. వెళ్ళిపోతున్నామన్న నమ్మకంతో కుట్టుమిషను అమ్మేశారు. 2025 జనవరిలో అమెరికా శరణార్థులను తీసుకోవడం నిలిపివేసింది. ఆ ఇల్లాలు ఇప్పుడు తన మిషను కొన్న ఇంటికే వెళ్ళి, దాని మీదే కూలికి జాకెట్లు కుడుతోంది.

మీర్‌పేట_వాసి

ఆ కుట్టుమిషను సంగతి చదివాక కాసేపు ఏమీ రాయలేకపోయాను.

నా అభిప్రాయం పూర్తిగా మారిందని చెప్పను. ఎవరు ఉండాలో, ఎవరు వెళ్ళాలో ప్రభుత్వమే నిర్ణయించాలి, భద్రత చూసుకోవాలి, విచారించి తప్పు చేసినవారిని శిక్షించాలి. కానీ నర్సు గారు అన్నది సరైన మాట. ఉంచుకుంటామనో పంపిస్తామనో చెప్పకుండా పదమూడేళ్ళు ఒక పిల్లను కూర్చోబెట్టడం తప్పే. నా కూతురికి కూడా పదహారేళ్ళు. బ్యాంకు ఖాతా లేక స్కాలర్‌షిప్ రెండు నెలలు ఆగితేనే మా ఇంట్లో గొడవ అయింది.

కోరంగి_మనవడు

పంపిస్తామనడం మాత్రం అంత తేలిక కాదండీ. 2018 అక్టోబరులో అస్సాం జైల్లో ఉన్న ఏడుగురు రోహింగ్యాలను మణిపూర్‌లోని మోరే దగ్గర మయన్మార్‌కు అప్పగించారు. మా ముత్తాత సాటివారు ప్రాణాలు దక్కించుకోవడానికి నడిచి వచ్చిన దారి ఆ వైపుదే, వీళ్ళను అదే వైపు వెనక్కి పంపారు.

కోర్టు_మెట్లు

ఇక చేయగలిగిన పని గురించి చెబుతాను. మన రాజ్యాంగంలో సమానత్వం, ప్రాణరక్షణ గురించి చెప్పే 14, 21 అధికరణాలు "పౌరుడు" అనలేదు, "వ్యక్తి" అన్నాయి. 1996లో, తూర్పు పాకిస్తాన్ నుంచి వచ్చి అరుణాచల్ ప్రదేశ్‌లో ఉంటున్న చక్మాల కేసులో, పౌరుడైనా కాకపోయినా ప్రతి మనిషి ప్రాణాన్ని రాష్ట్రం కాపాడాలని సుప్రీంకోర్టు చెప్పింది. దీన్ని చూసి ఎక్కువ ఆశ పెట్టుకోకూడదు కూడా. 2021 ఏప్రిల్ 8న జమ్మూ రోహింగ్యాల కేసులో అదే కోర్టు, దేశం నుంచి పంపించకుండా ఉండే హక్కు పౌరులకే పరిమితమైన నివాస హక్కుతో ముడిపడి ఉందని అన్నది, అయితే నిర్ణీత పద్ధతి పాటించకుండా పంపరాదని కూడా చెప్పింది.

చదువు విషయంలో దారి కొంత మెరుగ్గా ఉంది. 2025 ఫిబ్రవరిలో రోహింగ్యా పిల్లల బడుల కేసులో సుప్రీంకోర్టు, పిల్లలు ముందు ప్రభుత్వ పాఠశాలకు దరఖాస్తు పెట్టుకోవాలని, అర్హత ఉండి కూడా సీటు నిరాకరిస్తే హైకోర్టుకు వెళ్ళవచ్చని చెప్పింది. మీ అమ్మాయికి పదహారేళ్ళు గనుక, ఉచిత విద్య హక్కునిచ్చే, పద్నాలుగేళ్ళ వరకే వర్తించే 21ఎ అధికరణం నేరుగా అక్కరకు రాదు, మనం 14, 21 మీద నిలబడి అడగాలి. అందుకని ప్రైవేటు కాలేజీ వెంట పడకండి. ప్రభుత్వ జూనియర్ కాలేజీకి కాగితం మీద దరఖాస్తు రాసి, కార్డు నకలు, పదో తరగతి మెమో జతచేసి, అందినట్టు ముద్ర వేయించుకోండి. వద్దంటే ఎందుకు వద్దో రాసి ఇమ్మని మర్యాదగా అడగండి. నోటి మాటను కోర్టు ముందు పెట్టలేము. రాసి ఇవ్వకపోతే అదే దరఖాస్తును స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచండి. హైకోర్టు వరకు వెళ్ళవలసి వస్తే నేను ఫీజు తీసుకోకుండా వస్తాను.

నల్గొండ_రైతు

పోస్టు ఖర్చు కూడా నా లెక్కలో రాయండి.

మీర్‌పేట_వాసి

టీచర్ గారూ, రేపు వెళ్ళేటప్పుడు మగతోడు కావాలంటే నేను వస్తాను, నాకు సెలవే. మా అమ్మాయి పాత ఇంటర్ పుస్తకాలు కాదు గానీ, లెక్కల గైడు ఒకటి కొత్తది ఉంది, తెస్తాను.

సాయంత్రం_బడి

తప్పకుండా రండి. రేపు ఉదయం పది గంటలకు బయలుదేరుతాం.

ఈ సాయంత్రం గుడిసెలో కూర్చుని దరఖాస్తు రాశాం. అక్షరాలన్నీ ఆ అమ్మాయివే, నేను పక్కన కూర్చున్నాను అంతే. పుట్టిన తేదీ దగ్గర కలం ఆగింది. కార్డు మీద జనవరి 1 అని ఉంది. ఇంట్లో తల్లికి, తండ్రికి, తమ్ముడికి కూడా జనవరి 1నే, ఎందుకంటే పుట్టిన కాగితం లేనివారికి నమోదు సమయంలో ఏడాది మొదటి రోజే రాస్తారు. నిజంగా ఎప్పుడు పుట్టిందని తల్లిని అడిగాను. వానలు పట్టుకున్న వారం, కప్పు కారుతుంటే కింద కుండ పెట్టామని, ఆ కుండలో నీళ్ళు నిండేలోపే పిల్ల పుట్టిందని చెప్పింది.

దరఖాస్తులో జనవరి 1 అనే రాశాం. వాన సంగతి ఆ అమ్మాయి తన నోటు పుస్తకం చివరి పేజీలో రాసుకుంది.